ఫారంలో లేని వరస

పద్మినికి ఒక్కచోట కుదురుగా కూర్చోవడం పుట్టినప్పట్నుంచీ చేతకాదు. పెళ్లిపీటల మీద కూడా మోకాలు ఊపుతూనే ఉందని వాళ్ల మేనత్త ఇప్పటికీ చెబుతుంది. అలాంటి మనిషిని పట్టుకొచ్చి, దేశంకాని దేశంలో కిచెనర్ అనే ఊళ్లో ఓ ఆస్పత్రి వెయిటింగ్ రూములో, ప్లాస్టిక్ కుర్చీలో మూడు గంటలు కూర్చోబెట్టిన ఘనత సూర్యకుమారిది. ఆవిడేమో తలుపు అవతల మంచం మీద ఉంది. గుండెనొప్పి.

ఈ సూర్యకుమారి ఎవరంటారా? పద్మినికి వియ్యపురాలు. పోయిన ఉగాది దాకా. పద్మిని కూతురు స్నేహ, సూర్యకుమారి కొడుకు అభిరామ్ తొమ్మిదేళ్లు కాపురం చేసి, పెద్దగా అరుపులూ కేకలూ లేకుండానే, ఆఫీసులో ప్రాజెక్టు క్లోజ్ చేసినంత నింపాదిగా విడాకులు తీసుకున్నారు. వాళ్లకో కూతురు, ఏడేళ్ల సాత్విక. ఆ పిల్ల ఒక వారం తల్లి దగ్గర, ఒక వారం తండ్రి దగ్గర. ఇద్దరు ముసలాళ్లూ భర్తలు పోయాక ఇక్కడికొచ్చి చేరినవాళ్లే. పిల్లల ఇళ్ల మధ్య దూరం రైల్లో నాలుగు స్టాపులు. ఒకప్పుడు ఆ నాలుగు స్టాపులూ వీళ్లిద్దరూ వారానికి మూడుసార్లు అటూ ఇటూ తిరిగేవారు. ఎనిమిది నెలలుగా మాటల్లేవు.

పొద్దున పదకొండింటికి చంద్రకళ ఫోన్ చేసింది. అభిరామ్ వాళ్ల పక్కింటమ్మాయి. సూర్యకుమారి ఆంటీని అంబులెన్సులో తీసుకెళ్లారనీ, అభిరామ్ ఆఫీసు పని మీద మాంట్రియల్ వెళ్లాడనీ, కార్లో బయల్దేరాడు గానీ ఈ మంచులో సాయంత్రం అవుతుందనీ, తను డ్యూటీకి పోకపోతే కుదరదనీ గడగడా చెప్పింది. పద్మిని అంతా విని, ఇదంతా నాకెందుకమ్మా చెబుతున్నావు అని ఫోన్ పెట్టేసింది. పెట్టేసి, పది నిమిషాల్లో బూట్లు తొడుక్కుని రైలెక్కింది. రైల్లో కూర్చున్నాక చూసుకుంటే ఒక కాలికి నల్ల మేజోడు, ఒక కాలికి సాత్విక ఇచ్చిన చారల మేజోడు. పంతం అంటే ఇలాగే ఉంటుంది మరి, నోటికి ఉన్నంత గట్టిగా కాళ్లకు ఉండదు.

కౌంటర్లో అమ్మాయి చాలా మర్యాదగా ఒకే ఒక్క ప్రశ్న అడిగింది. పేషెంట్‌కి మీరేమవుతారు?

ఎంత చిన్న ప్రశ్న! కాకినాడ బీమా ఆఫీసులో ముప్ఫయ్యొక్క ఏళ్లు పద్మిని చేసిన ఉద్యోగమే ఆ ప్రశ్న. నామినీ పేరు, పక్కన సంబంధం. భార్య, కొడుకు, తల్లి, తమ్ముడు. ఆ కాలమ్‌లో అడ్డదిడ్డంగా రాసిన ఫారాలు ఆవిడ చేతిలోంచి ఎగిరి అవతలికి పడేవి. ఇప్పుడు అదే ప్రశ్న తన ముందుకే వచ్చింది.

సిస్టర్-ఇన్-లా అనెయ్యొచ్చు. వియ్యపురాళ్లు ఒకరినొకరు వదినగారూ అనేగా పిలుచుకునేది, వదినంటే ఇంగ్లీషులో అదేగా. కానీ అది అబద్ధం. అలా రాసుకొచ్చిన ఫారాన్ని తనైతే చింపి పారేసేది. పోనీ ఉన్నదున్నట్టు చెబుదామంటే, ఆ ఉన్నదాన్ని లేదన్నది తనే. అంతా ఆలోచించి, ఫ్రెండ్ అంది. ఫ్రెండ్స్ బయటే ఉండాలండీ, ఇంట్లోవాళ్లనూ పేషెంట్ పేరు ఇచ్చినవాళ్లనే లోపలికి పంపుతాం అంది ఆ అమ్మాయి. పేరు అడగలేదు. పద్మిని చెప్పనూ లేదు. ఎందుకు చెబుతుంది? చెబితే అది అభిరామ్ చెవిన పడుతుంది, అక్కణ్నుంచి స్నేహకి చేరుతుంది. వాళ్లతో మనకిక ఏ రాకపోకలూ వద్దమ్మా అని స్నేహ ఎన్నిసార్లు చెప్పిందో.

అలా కూర్చుంది. కూర్చుంది అని మాటవరసకి అంటున్నాను గానీ, పది నిమిషాలకోసారి లేచేది. చేతులు కడుక్కునేది. కాఫీ మెషీన్ దగ్గరికి వెళ్లి, కొనకుండా వచ్చేది. గోడమీద చేతులు ఎలా కడుక్కోవాలో ఇంగ్లీషులో ఒకసారి, ఫ్రెంచిలో ఒకసారి రాసిపెట్టారు. రాని ఫ్రెంచి కూడా రెండుసార్లు చదివేసింది. తలుపు తెరుచుకున్నప్పుడల్లా మెడ సాచి చూసేది. ఉగాది నాటి స్టీలు డబ్బా మాత్రం కళ్లముందు నుంచి కదిలేది కాదు.

ఆ రోజు సాత్వికని అప్పగించడానికి లైబ్రరీ పార్కింగ్ దగ్గరికి సూర్యకుమారి కూడా వచ్చింది. చేతిలో ఉగాది పచ్చడి డబ్బా. ఆ వారమే అభిరామ్ లాయరు దగ్గర్నుంచి పిల్ల విషయమై ఓ ఉత్తరం వచ్చింది, స్నేహ రెండు రోజులు అన్నం తినలేదు. ఆ మంట పద్మిని కడుపులో అలాగే ఉంది. సూర్యకుమారి ఏమీ ఎరగనట్టు, "వదినగారూ, మామిడికాయ దొరకలేదు, ఆకుపచ్చ యాపిల్ వేశాను" అంటూ డబ్బా చాపింది. పద్మిని చెయ్యి చాపలేదు. ఇంకా వదినగారేంటండీ, మనిద్దరికీ ఇక ఏ వావీ లేదు అంది. సూర్యకుమారి డబ్బా మూత ఒకసారి నొక్కి చూసుకుని, సంచిలో పెట్టుకుని, వెళ్లి కార్లో కూర్చుంది. తిట్టి ఉంటే బావుండేది. ఆ మూత నొక్కుకోవడమే పద్మినిని ఇన్నాళ్లూ కాల్చుకు తింది.

పక్క కుర్చీలో ఫిలిప్పీన్స్ నుంచి వచ్చిన ఒకావిడ ఉంది, పేరు మారిసెల్. వాళ్లాయన తుంటి ఎముక విరిగి లోపల ఉన్నాడు. పద్మిని లేచి కూర్చోవడాలు చూసి చూసి ఆవిడకే తల తిరిగినట్టుంది, లోపల ఎవరున్నారని అడిగేసింది. పద్మిని తనకొచ్చిన ఇంగ్లీషులో, మా అమ్మాయి మాజీ భర్త వాళ్ల అమ్మ అని చెప్పింది. చెబుతుంటే తనకే విసుగొచ్చింది. ఇంత పొడుగు చుట్టరికం ఎక్కడైనా ఉంటుందా?

మారిసెల్ ఒక్క క్షణం వేళ్లమీద లెక్కేసుకుని, అయితే మీ బలాయె అంది. వాళ్ల తగలోగ్ భాషలో కొడుకు అత్తగారైనా, కూతురి అత్తగారైనా, మామగారైనా, అందరికీ కలిపి ఆ ఒక్క మాటేనట. వాళ్ల బిల్డింగులో ఒక కొలంబియా ఆవిడుంది, ఆవిడ స్పానిష్‌లో కొన్‌సువేగ్రా అంటుందట. తలుపు దగ్గర నిలబడ్డ పంజాబీ సెక్యూరిటీ కుర్రాడు ఇదంతా వింటూనే ఉన్నాడు, ఉండబట్టలేక, మా అమ్మ అయితే కుడమణీ అంటుంది ఆంటీ అన్నాడు. హిందీలో సమ్‌ధన్ అని పద్మిని తనకి తెలిసింది కలిపింది. మద్రాసు చెల్లెలి ఇంట్లో సంబంధి అంటారు, అదీ గుర్తొచ్చింది. ఇన్ని దేశాల వాళ్లకి ఈ మనిషిని పిలుచుకోవడానికి ఒక మాట ఉంది. గోడమీదున్న ఆ రెండు భాషలకే లేదు. ఆస్పత్రి ఫారాలేమో ఆ రెండు భాషల్లోనే ఉన్నాయి.

నవ్వొచ్చింది గానీ, నవ్వు వెనకే ఇంకోటి కూడా వచ్చింది. అడగాలా వద్దా అని చేతిసంచి జిప్పు నాలుగుసార్లు తీసి వేసింది. చివరికి అడిగింది. "పిల్లలు విడిపోతే? అప్పుడేమంటారు?"

మారిసెల్ ఇటు తిరిగి కూర్చుంది. వాళ్ల దేశంలో విడాకులే లేవట, అందుకని ఆ ప్రశ్న అక్కడ రాదట. కానీ తన కొడుకు ఒషావాలో కారు ఫ్యాక్టరీలో పనిచేస్తూ ఇక్కడే విడాకులు తీసుకున్నాడట. "ఆ కాగితం మీద వాళ్లిద్దరే సంతకం చేశారు," అంది మారిసెల్. "నేను చెయ్యలేదు. ఆవిడా చెయ్యలేదు. ఇంకా నా బలాయే."

పద్మినికి ఎక్కడో కాకినాడలో సుబ్బరాజు అనే పెద్దాయన కళ్లముందు నిలబడ్డాడు. నామినీ పేరు ఎదురుగా వియ్యంకుడు అని రాసుకొచ్చాడు. ఇదేం సంబంధమండీ, ఈ కాలమ్‌లో పట్టదు, వేరే ఎవరినైనా రాయండి అని ఫారం తిప్పికొట్టింది తను. నాకు వాడు తప్ప ఎవరూ లేరమ్మా అన్నాడాయన. పద్మిని ఆ మాట విననట్టే తర్వాతి మనిషిని పిలిచింది. ఆయన ఆ ఫారాన్ని మడిచి జేబులో పెట్టుకుని వెళ్లిపోయాడు. మళ్లీ రాలేదు. పాతికేళ్లయింది, ఇన్నాళ్లూ గుర్తు కూడా లేదు ఆ మనిషి. ఇవాళ సిగ్గుతో ఒళ్లంతా వేడెక్కింది.

లేచింది. ఈసారి కాఫీ మెషీన్ వైపు కాదు. కౌంటర్ ముందుకెళ్లి నిలబడి, ఫ్రెండ్ అని చెప్పాను గానీ అది నిజం కాదు అంది. "నేను ఆవిడ వియ్యపురాల్ని. వాళ్లబ్బాయి, మా అమ్మాయి మొగుడూ పెళ్లాలు, ఇప్పుడు కాదు. మీ భాషలో దీనికి మాట లేదు. నా పేరు పద్మిని."

ఆ అమ్మాయి పేరు కొట్టి చూసింది. తర్వాత పద్మిని మొహంలోకి చూసింది. స్క్రీన్‌ని ఇటు తిప్పింది. మొదటి కాంటాక్ట్ అభిరామ్. రెండోది పద్మిని, కింద తన నంబరే. సంబంధం అన్నచోట వాళ్ల లిస్టులో ఉన్నవేవీ ఎంచలేదు, ఇతర అని పెట్టి పక్కన ఇంగ్లీషు అక్షరాల్లో వియ్యపురాలు అని కొట్టి ఉంది. ఆ పక్కన తేదీ. జూన్ పదకొండు.

జూన్! ఉగాది అయ్యాక రెండు నెలలకి. పచ్చడి డబ్బా తిరిగి సంచిలో పెట్టుకున్నాక, ఏ వావీ లేదు అనిపించుకున్నాక, ఆవిడ ఏ పరీక్షకో ఇక్కడికొచ్చి, ఎవరో గుమాస్తా ఎదురుగా నిలబడి, ఒక్కో అక్షరం చెప్పి మరీ ఈ మాట రాయించింది. పద్మిని కౌంటర్ అంచు పట్టుకుంది.

పొద్దుట్నుంచీ మీకు ఫోన్ చేస్తూనే ఉన్నామండీ, మీరు ఎత్తట్లేదు అంటోంది ఆ అమ్మాయి. పద్మిని ఫోన్ తీసి చూసింది. ఆరు మిస్డ్ కాల్స్. టాక్స్ ఆఫీసు నుంచి అంటూ దొంగ ఫోన్లు ఎక్కువైపోయాయని, తెలియని నంబర్లు మోగకుండా స్నేహ సెట్టింగ్ పెట్టింది. ఆరుసార్లు పిలిచారు. పిలుపు అందాల్సిన మనిషి ముప్ఫై అడుగుల దూరంలో కూర్చుని, రాని ఫ్రెంచి చదువుకుంటోంది.

అప్పటికే ఒక నర్సు గబగబా వచ్చింది. సంగతేమిటంటే, సూర్యకుమారికి ఇవాళే స్టెంట్ వెయ్యాలి. ఆవిడ ఒప్పుకోవట్లేదు. ఫోన్‌లో తెలుగు ఇంటర్‌ప్రెటర్‌ని పెడితే, మొహం చూడని మనిషి చెబితే నేను గుండె కోయించుకోను అని అటు తిరిగి పడుకుంది. కొడుకుని కలిపితే, మంచులో బండి నడుపుతూ ఫోన్‌లేంట్రా అని కోప్పడి పెట్టేసింది. మావాళ్లు వచ్చి చెబితే ఒప్పుకుంటాను అని ఒకటే మాట. డాక్టరు మూడింటి దాకా చూస్తామన్నాడు. ఇప్పుడు రెండు నలభై.

మూడు గంటలు! తన మూడు గంటల పంతం ఆవిడ గుండెమీద నడిచింది. పద్మినికి ఏడుపొచ్చింది, ఏడవడానికి టైము లేదు. నర్సు కంటే ముందు నడిచింది.

సూర్యకుమారి వైర్ల మధ్య చాలా చిన్నగా కనిపించింది. జడ విప్పేశారు. పద్మినిని చూసి, కాసేపు పైకప్పు వైపు చూసి, "వావి లేదన్నారుగా," అంది.

"అన్నాను. తప్పయింది వదినగారూ."

"ఎనిమిది నెలలకా తెలిసింది?"

"ఇప్పుడే తెలిసింది. బయట కౌంటర్లో."

సూర్యకుమారి కళ్లు మూసుకుంది. చెయ్యి మాత్రం దుప్పట్లోంచి బయటికొచ్చింది, సూది గుచ్చిన చెయ్యి. పద్మిని ఈసారి పట్టుకుంది.  "భయంగా ఉంది వదినా," అంది సూర్యకుమారి. పదేళ్ల చుట్టరికంలో గారు లేకుండా పిలవడం అదే మొదలు. గుండె కోయరనీ, చేతి నరంలోంచి సన్నటి తీగ పంపిస్తారనీ, మెలకువగానే ఉంచుతారనీ నర్సు చెప్పిందంతా పద్మిని తెలుగులో చెప్పింది, రెండుసార్లు. సూర్యకుమారి సంతకం చేసింది. రెండు యాభై మూడుకి మంచం కదిలింది.

మళ్లీ వెయిటింగ్ రూము. ఈసారి కూర్చోనే లేదు, గోడనుంచి గోడకి నడవడమే. అలా నడుస్తుండగా స్నేహ ఫోన్. ఇంటికొచ్చి చూస్తే లేవు, ఎక్కడున్నావమ్మా అని. పద్మిని ఆగింది. రైతు బజారుకెళ్లాననో, లైబ్రరీకి వచ్చాననో చెప్పడానికి నాలుక దాకా వచ్చింది.

"ఆస్పత్రిలో ఉన్నాను. మా వదినగారి దగ్గర."

 స్నేహ మెల్లగా, అమ్మా, ఆవిడ మనకిప్పుడు ఏమీ కాదు అంది.

"నీకు అత్తగారు కాకపోవచ్చు," అంది పద్మిని. "సంతకం చేసింది నువ్వు. నేను చెయ్యలేదు. సాత్వికని స్కూల్నుంచి నువ్వే తెచ్చుకో, నేను రావడం ఆలస్యమవుతుంది."

చెప్పి ఫోన్ పెట్టేసి మళ్లీ నడక. మారిసెల్ తన పక్క కుర్చీ మీద సంచి పెట్టి జాగా కాస్తూనే ఉంది గానీ లాభం లేకపోయింది. నాలుగున్నర దాటాక తలుపు తెరుచుకుంది. ఇందాకటి నర్సే. చేతిలో కాగితం చూసుకుంటూ, పసిపిల్లలు కూడబలుక్కున్నట్టు, వియ్య, పు, రాలు అని గట్టిగా చదివింది. రూములో అందరూ తలలెత్తి ఒకరినొకరు చూసుకున్నారు.

"నేనే," అంటూ పద్మిని అప్పటికే సగం దూరం వెళ్లిపోయింది. నర్సు నవ్వుతోంది.