అలవాటు కొద్దీ కొట్టిన చప్పట్లు

తెల్లవారేసరికే ఫలకిక, ఆ దీవికి రాజైన తమ్ముడి వంటపాకలో చొరబడింది. గొయ్యిలో ఎర్రగా కాలిన రాళ్ళ మీదికి పందులని దించబోతున్నారు. ఒక్కొక్కదాన్నీ వంగి చూసి, అన్నిటికన్నా బలిసినదాని తొడ మీద చేయి వేసి, "ఇది నాది," అంది.

రాజు భార్య సవెలీనా అరిటాకులు తుడుస్తూ తల కూడా ఎత్తలేదు. "మొన్న దుంపలు, నిన్న చాప, ఇవాళ తొడ. వదినా, మా ఇంట్లో నీ కంటికి ఆననిది ఏదైనా ఉంటే చెప్పు, అదైనా దాచుకుంటాం."

"నువ్వున్నావుగా. నిన్ను నేను ముట్టుకోను."

పాకలో ఉన్నవాళ్ళంతా నవ్వారు. తమ్ముడి సొత్తులో ఏది కావాలన్నా అక్క తీసుకుపోవచ్చు. తమ్ముడు కాదనకూడదు, ఎందుకని అడగకూడదు. ఆ దీవిలో రాజుకైనా అది తప్పదు. అక్క మాట అంత పైన ఉంటుంది కాబట్టే, పెద్దయ్యాక అక్కా తమ్ముళ్ళు ఒక కప్పు కింద కూర్చోరు కూడా.

ఇవాళ ఫలకికకి తొడ మీద ధ్యాస లేదు. చేతులకి ఏదో ఒక పని ఉండాలని వచ్చింది. పాక సందులోంచి సముద్రం వైపు మళ్ళీ చూసింది. ఓడ అక్కడే ఉంది. తెల్లగా, బద్ధకంగా, ఎవరి కోసమో కాచుక్కూర్చున్నట్టు.

"అది ఎక్కడికీ పోదులే. పోటు వచ్చేదాకా కదలదు," అంది సవెలీనా.

"పోటు వస్తేనే కదా నా భయం."

ఆమె పెద్ద తమ్ముడు విసేసియో ఇవాళ రాజ్యం వదులుకుంటున్నాడు. యుద్ధమూ లేదు, తగాదా లేదు. మోకాళ్ళు. ఆ దీవి రాజుకి సింహాసనం లేదు, చాప ఉంది. సభ జరిగినంతసేపూ ఆ చాప మీద మఠం వేసుకుని కదలకుండా కూర్చోవాలి. ఆనుకోకూడదు, కాలు చాపకూడదు. విసేసియో మోకాళ్ళు పనసకాయల్లా వాచి చాలాకాలమైంది. కిందటి పండక్కి సభ ముగిశాక నలుగురు మగవాళ్ళు ఆయన్ని మడిచిన మనిషిని మడిచినట్టే ఎత్తి ఇంటికి చేర్చారు. ఆ మర్నాడే చర్చి మెట్ల మీద నిలబడి, "నాకిక చాప వద్దు. తమ్ముణ్ణి పిలిపించండి," అన్నాడు.

ఆ తమ్ముడు కుసితినో. సముద్రం అవతల, నూమెయా పట్నం దాటాక ఉన్న నికెల్ గనుల్లో లారీ నడుపుతాడు. నిన్నటి ఓడలో దిగాడు. దిగుతూనే పెద్దలందరి ముందూ చెప్పేశాడు. "నన్ను రాజుని చేస్తే ఉంటాను. చేయకపోతే ఇదే ఓడలో వెళ్ళిపోతాను. ఆలస్యమైతే అక్కడ నా బండి ఇంకొకడికి ఇచ్చేస్తారు. అక్కడా పోయి ఇక్కడా పోతే నేనేం చేయను?"

ఫలకికకి తల్లి పోయిన రోజున కుసితినో ఇంకా నడక రాని పిల్లాడు. నమిలి పెట్టి పెంచింది. అలాంటివాడు ఒకరోజు ఆ రేవులోనే ఓడ ఎక్కాడు. అంతకు ముందు ఆమె మొగుడు ఎక్కాడు. తర్వాత ఇద్దరు కూతుళ్ళూ ఎక్కారు. మొగుడు సముద్రం మీదే పోయాడు. కూతుళ్ళు ఈస్టరుకి ఫోటోలు పంపుతారు. రేవు తీసుకెళ్ళినవాళ్ళలో తిరిగి వచ్చినవాడు ఇతనొక్కడే. రాజైనవాడు నేల విడిచి వెళ్ళడు. అందుకే ఆ పొద్దున ఆమె దేవుణ్ణి ఒక్కటే అడిగింది: సభలో రాజుకిచ్చే చిప్ప వాడు తాగాలి.

ఎండ ఎక్కేసరికి గోడలు లేని సభాగృహంలో మగవాళ్ళు గుండ్రంగా కూర్చున్నారు. ఆడవాళ్ళు బయట, చూరుకి ఇవతల చాపలు పరుచుకున్నారు. మెడ చుట్టూ పూలదండలతో, నడుముకి నారగుడ్డతో కుసితినో రాజు చాప మీద మఠం వేసుకున్నాడు. పక్కనే, ఒక జానెడు వెనక్కి, విసేసియో.

"మీ చిన్నోడికి పొట్ట వచ్చింది వదినా," అంది సవెలీనా.

"లారీలో కూర్చుంటే రాదా? మంచిదే. రాజుకి పొట్ట ఉంటే నేల పండుతుంది."

"మా ఆయన పొట్టకి ఈ నేల ఈపాటికి ఏడాదికి నాలుగు పంటలు పండాలి."

ఫలకిక నవ్వబోయి ఆగిపోయింది. వాగు అవతలి ఊరి పెద్దలు మూతులు బిగించుకుని కూర్చుని ఉన్నారు. లారీ నడిపేవాడు మాకు రాజా అని వాళ్ళు రాత్రంతా గొణిగారని ఆమె చెవిన పడింది. ఒక్క చిన్న సాకు దొరికితే చాలు వాళ్ళకి.

సభలో తాగే మత్తు పానీయం కోసం కావా వేరు దంచారు. కొయ్యతొట్టిలో నీళ్ళు పోసి, నారతో పిసికి వడకట్టారు. మాట్లాడేవాళ్ళు మానేశారు. పిలుపరి లఫాయేలే గొంతు సవరించుకున్నాడు. ముసలివాడు, ఎండుకొమ్మలాంటివాడు. పద్ధతి విషయంలో కన్నతల్లికి కూడా మినహాయింపు ఇవ్వడని పేరు. అతను పేరు పిలుస్తాడు. పిలిచిన పేరుగలవాడు చప్పట్లు కొడతాడు. చప్పట్లు కొట్టినవాడి చేతికే కావా చిప్ప వస్తుంది. మొదటి పిలుపు రాజుది. ఆ చిప్ప తాగినవాడే రాజు, అంతే. కిరీటాలూ కాగితాలూ ఏమీ లేవు.

కొబ్బరిచిప్ప నిండింది. అందించేవాడు దాన్ని రెండు చేతుల్లో పట్టుకుని నిలబడ్డాడు.

"కావా... తుయి ఫెనువాకి," అని లఫాయేలే సాగదీసి పిలిచాడు. తుయి ఫెనువా అంటే ఆ నేలకి రాజు.

టప్, టప్, టప్.

గట్టిగా, గంభీరంగా, ఏళ్ళ తరబడి కొట్టినట్టే కొట్టాడు విసేసియో.

కుసితినో చేతులు గాలిలోనే ఆగిపోయాయి. విసేసియో తన అరచేతుల వంక చూసుకున్నాడు, అవి ఎవరివో తెలియనట్టు. చిప్ప పట్టుకున్నవాడు ఇటు రెండడుగులు వేసి, అటు ఒకడుగు వేసి, నిలబడిపోయాడు.

"లఫాయేలే," అన్నాడు విసేసియో నెమ్మదిగా, "నేను కొట్టలేదు. ఆ పేరు వినగానే చేతులు వాటంతటవే..."

"చేతులు నీవే కదా."

"నావే."

"అయితే చిప్ప నీదే. పోసింది తిరిగి తొట్టిలో పొయ్యం. ఒకే రోజు రెండోసారి పిసకం. నేను పెట్టింది కాదు ఇది."

వాగు అవతలి వరసలోంచి ఒకాయన హాయిగా వెనక్కి వాలాడు. "దేవుడే చెప్పాడన్నమాట. పాత రాజే మంచివాడు. ఇంకో పదేళ్ళు కూర్చోమనండి."

"పదేళ్ళా," అంది సవెలీనా పళ్ళ మధ్య నుంచి. "రోజూ ఆ మోకాళ్ళకి నూనె రాసి పిసికేది నువ్వొచ్చి పిసుకుతావా?"

చిప్ప విసేసియో చేతిలోకి వచ్చింది. పారబోస్తే నేలని అవమానించినట్టు. తాగితే మళ్ళీ రాజు. సరిగ్గా అప్పుడే రేవులో ఓడ కూత వేసింది. పొడుగ్గా, కడుపులోంచి. కుసితినో తల అటు తిరిగింది. నడుము గుడ్డ మీద అతని చేయి పడింది, లేవబోయే మనిషి చేయిలా.

ఫలకిక లేచింది.

"వదినా, కూర్చో," సవెలీనా ఆమె కొంగు పట్టి లాగింది. "నీ తమ్ముళ్ళున్న కప్పు కిందికి వెళ్తావా, మతి పోయిందా?"

గుడ్డ చివర సవెలీనా చేతిలోనే చిరిగింది. ఫలకిక చూరు దాటి లోపల అడుగు పెట్టింది. మగవాళ్ళ వరస ఒక్కసారిగా కదిలింది. ఇద్దరు తమ్ముళ్ళూ చప్పున తలలు దించేసుకున్నారు. ఆమె నేరుగా వెళ్ళి విసేసియో ముందు నిలబడి చేయి చాపింది.

"ఆ చిప్ప నాకు కావాలి."

లఫాయేలే ముఖం ఎర్రబడింది. "అమ్మా, ఇది కావా వలయం. ఇందులోకి ఆడవాళ్ళు..."

"వలయంలోకి నేను రాలేదు బాబాయ్. నా తమ్ముడి దగ్గరికి వచ్చాను. పొద్దున వాడి పంది తొడ తీసుకున్నాను, ఎవరూ ఎందుకని అడగలేదు. మొన్న దుంపలు తీసుకున్నాను, అప్పుడూ అడగలేదు. ఇప్పుడు వాడి చేతిలో చిప్ప ఉంది. వాడిదేనని ఇప్పుడే నువ్వే చెప్పావు. వాడిదైతే నేను తీసుకోవచ్చా, కూడదా?"

ఎవరో దగ్గారు. లఫాయేలే కళ్ళు మూసుకున్నాడు. అతని పెదవులు కదిలాయి, తాతముత్తాతల్ని ఒక్కొక్కరినీ లేపి అడుగుతున్నట్టు. వాగు అవతలివాళ్ళు అతని నోటి వంకే చూస్తున్నారు. రేవులో గొలుసు లాగుతున్న చప్పుడు వినిపించింది.

"అక్క అడిగింది," అన్నాడు చివరికి, ఎవరో పన్ను పీకినట్టు. "ఇవ్వాలి."

"అదెక్కడి..." అంటూ వాగు అవతలి పెద్దాయన సగం లేచాడు.

"నీ అక్క అడిగితే ఇవ్వవా?" లఫాయేలే అతని వైపు తిరిగాడు. "ఇవ్వనని ఇక్కడ చెప్పు. ఆవిడ అదుగో, అక్కడే కూర్చుంది."

పెద్దాయన బయటి చాపల వైపు ఒకసారి చూసి కూర్చున్నాడు.

విసేసియో తల ఎత్తకుండానే చిప్ప ఎత్తి అందించాడు. ఆయన ముఖం మీద చెమటో కన్నీళ్ళో ఫలకికకి తెలియలేదు. ఒక చుక్క కూడా ఒలకకుండా ఆమె పక్కకి తిరిగింది.

"తీసుకున్నది నాది. ఎవరికిచ్చినా నా ఇష్టం. తాగు," అంది కుసితినోతో.

అతను గొంతు బాగా తగ్గించాడు. "అక్కా, ఇది తాగితే నేనిక ఎక్కడికీ పోలేను."

"తెలుసు. అందుకే ఇస్తున్నాను."

అతని పొట్ట కదిలింది. నవ్వు. చేతులెత్తి మూడుసార్లు చప్పట్లు కొట్టాడు. చూరు మీద కూర్చున్న పావురాలు లేచిపోయాయి. చిప్ప అందుకుని, గుటక కూడా ఆపకుండా, తల వెనక్కి వాల్చి మొత్తం తాగేశాడు.

శంఖం మోగింది. బయట ఆడవాళ్ళు చాపలు బాదుతూ అరిచారు. ఎవరో తప్పెట అందుకున్నారు. ఫలకిక వెనక్కి వెనక్కి నడుస్తూ, రాజుకి వీపు చూపకుండా, వంగి వంగి బయటికి వచ్చింది. చూరు దాటగానే సవెలీనా మీద పడిపోయింది.

"అంత పని చేసి ఇప్పుడు పడిపోతావా? లే. ఇంకా డాన్సు ఉంది."

లోపల లఫాయేలే రెండో పిలుపు పిలిచాడు. పాత రాజు సొంత పేరు, 'విసేసియో'. ఇన్నేళ్ళుగా సభలో ఎవరూ పలకని పేరు అది. ఆయన అటూ ఇటూ చూస్తూ కూర్చున్నాడు. పక్కవాడు మోచేత్తో పొడిస్తే గానీ చప్పట్లు కొట్టలేదు. కొట్టాక తనూ అందరితో కలిసి నవ్వాడు.

అప్పుడే లోపల్నుంచి ఒకతను పరుగున వచ్చి ఫలకిక దగ్గర కూర్చున్నాడు. రాజు నేరుగా మాట్లాడడు కదా ఇక, మనిషిని పంపాడు.

"రాజుగారు అడుగుతున్నారు. ఎవరైనా పడవలో వెళ్ళి ఓడని అందుకోగలరా అని. ఆయన పెట్టె అందులో ఉండిపోయిందట."

"పెట్టె ఓడలోకి ఎలా వెళ్ళింది?"

అతను నసిగాడు. "పొద్దున చీకటుండగానే ఆయనే ఎక్కించారట. ఇక్కడ ఇది జరుగుతుందని నమ్మకం లేక."

ఫలకికకి అప్పుడు అర్థమైంది. వాడు సగం వెళ్ళిపోయే ఉన్నాడు. తను పంది తొడ మీద చేయి వేసి వేళాకోళాలాడుతున్నప్పుడే వెళ్ళిపోయి ఉన్నాడు.

"ఏమున్నాయి అందులో?" అంది.

"బూట్లు. రేడియో. రెండు ప్యాంట్లు."

"రాజుకి ప్యాంట్లెందుకు? పోనీయమను."

అయినా కుర్రవాళ్ళు కొందరు అరుచుకుంటూ రేవుకి పరిగెత్తారు. ఫలకిక కూడా చిరిగిన గుడ్డ చేత్తో పట్టుకుని వాళ్ళ వెనకే పరిగెత్తింది. వెళ్ళేసరికి ఓడ పగడపు దిబ్బల సందు దాటి బయటి నీళ్ళలో పడింది. చెక్కల మీద నిలబడి, అది మలుపు తిరిగేదాకా చూసింది. చేయి ఊపలేదు, ఏడవలేదు.

అందులో తనవాళ్ళెవరూ లేరు.