మల్సున్ వీపు

"బోర్లా తిరగండి," అంటూ మల్సున్ బల్ల మీది ఆవిడ తొడ మీద ఒక్క చరుపు చరిచింది. గరుకు తొడుగు చేతికి బిగించి, మెడ దగ్గర్నుంచి నడుము దాకా ఒకే ఊపులో రుద్దుతుంటే ఒంటి మట్టి పోగులు పోగులుగా రాలుతోంది. కొరియాలో బుసాన్ ఓడరేవు పక్క ఆడవాళ్ల స్నానశాలలో డబ్బు తీసుకుని వీపులు రుద్దడం ఆమె పని. ఆ పేటలో ఆమె చెయ్యి తగలని ఆడవాళ్ల వీపు లేదు. ఆమె వీపుకి మాత్రం మొగుడు పోయినప్పటి నుంచి ఇంకో చెయ్యి తగల్లేదు. మణికట్లు వాచాయి, నోరు పదునెక్కింది.

ఓక్‌బున్ అనే ముసలమ్మ ఇవాళ మళ్లీ తయారైంది. వేడినీళ్ల తొట్టి గట్టు వెంబడి ఒక్కొక్కరినీ అడుగుతోంది.

"వీపులు రుద్దుకుందామా తల్లీ? ముందు నీది నేను రుద్దుతా."

పూర్వం స్నానశాలల్లో ఇది మామూలే. ముక్కూ మొహం తెలియనివాళ్లు కూడా ఒకరి వీపు ఒకరు రుద్దుకుని, కడుపులో మాట చెప్పుకుని వెళ్లేవాళ్లు. ఇప్పటి పిల్లలు తల అడ్డంగా ఊపి గోడవైపు తిరుగుతున్నారు.

మల్సున్‌కి ఒళ్లు మండింది. ఆ పిల్లల మీదా, ముసలమ్మ మీదా కూడా. ఛీ, అడుక్కోవడం కాకపోతే ఏమిటిది?

"ఏం అవ్వా! అందర్నీ పీక్కుతినకపోతే ఇటొచ్చి పడుకోరాదూ?"

ఓక్‌బున్ నవ్వుతూ వచ్చింది. బల్ల ఎక్కకుండా మల్సున్ వెనక్కి చేరి, వీపు మీద చెయ్యి ఆనించింది.

"నాకొద్దులేమ్మా. పొద్దుట్నుంచీ ఊరందరి వీపులూ రుద్దావు. కూర్చో, నీది నేను రుద్దుతా."

చుట్టూ ఆడవాళ్లు మాటలాపి చూస్తున్నారు. మల్సున్ మొహం జేవురించింది. జాలా? తన మీదా?

"నేనేమన్నా నీలా దిక్కులేనిదాన్ననుకున్నావా? తియ్ చెయ్యి!"

ముసలమ్మ చెయ్యి తీసేసింది. "కోపమెందుకే తల్లీ," అని గొణుక్కుంటూ వెళ్లి వేడినీళ్లలో దిగింది.

మరో ఇద్దరు బల్లెక్కి దిగారు. ముసలమ్మ గట్టుకి తలానించి కళ్లు మూసుకునే ఉంది.

"అలిగింది మహాతల్లి," అని పళ్లు నూరుకుంటూ మల్సున్ దగ్గరికెళ్లింది. "లే అవ్వా, ఉడికిపోతావు." భుజం పట్టి కుదిపింది. తల నీళ్లలోకి వాలిపోయింది.

ప్రాణం లేని ముసలమ్మని ఎక్కించుకుని అంబులెన్సు వెళ్లాక జనం ఒక్కొక్కరే జారుకున్నారు. మల్సున్ చేతి తొడుగు పీకి గోడకేసి కొట్టింది.

"ముదనష్టపుదానా, ఒక్కసారి కూర్చుంటే నీ సొమ్మేం పోయేదే!" అని తనను తానే తిట్టుకుంది.

కుళాయి దగ్గర ముసలమ్మ బుట్ట అలాగే ఉంది. అందులో సబ్బుముక్క, దువ్వెన, అరిగిపోయిన తొడుగొకటి, దాని కింద, ఇంకో చెయ్యి కోసం, విప్పని కవరులో కొత్తదొకటి.