నలభై ఏండ్ల నీళ్లు

బీరప్ప ఫోన్ చేసినప్పుడు సంధ్య మహబూబ్‌నగర్‌లో తాను పాఠాలు చెప్పే కాలేజీలో కూర్చుని పరీక్ష పేపర్లు దిద్దుతోంది. తొమ్మిదేళ్లయినా ఆ గొంతు మారలేదు.

"బిడ్డా, నేను రాళ్లకంచె బీరప్పను. గొర్లోళ్ల బీరప్పను. యాదికున్ననా?"

"యాదికున్నవ్ కాకా. అంత మంచిదేనా?"

"ఏం మంచి! గొర్ల పండ్లు అరిగిపోతున్నయ్. నువ్వొకపారి వచ్చి చూడాలె."

"పశువుల డాక్టరుకు చూపెట్టలేదా?"

"చూపెట్టిన. రోగం కాదు, నీళ్లు చూపెట్టుకోమన్నడు. మా నీళ్లకు నలభై ఏండ్లు ఢోకా లేదు, సంధ్యమ్మ చెప్పింది అన్న. ఆయన నవ్విండు."

ఆదివారం వస్తానని చెప్పి ఫోన్ పెట్టేసింది. తర్వాత చాలాసేపు ఒక్క పేపరూ దిద్దలేకపోయింది.

తెలంగాణ వచ్చిన మరుసటి ఏడాది సంగతి అది. పోచంపల్లిలో మగ్గం నేసే వెంకటనర్సు కూతురు సంధ్య అప్పట్లో హైదరాబాదులో పరిశోధన చేసేది. నేల కింద నీళ్లు రాయిని ఎంత వేగంగా కరిగిస్తాయన్నది ఆమె విషయం. నల్లగొండ వైపు రాతిలో ఫ్లోరైడ్ ఖనిజం రవ్వలు రవ్వలుగా ఉంటుంది. నీళ్లలో సున్నం సరిపడా ఉన్నంతకాలం ఆ రవ్వలు పెద్దగా కరగవు. సున్నం గడ్డకట్టి మట్టిలో నిలిచిపోతే మాత్రం నీళ్లలోకి ఫ్లోరైడ్ దిగడం మొదలవుతుంది. ఏది ఏ వేగంతో కరుగుతుందో, ఏది ఏ వేగంతో గడ్డకడుతుందో ఆ అంకెలన్నీ ఇస్తే, పదేళ్లకు నీళ్లెలా ఉంటాయో యాభై ఏళ్లకు ఎలా ఉంటాయో కంప్యూటరు లెక్కగట్టి చూపిస్తుంది.

రాళ్లకంచెలో ఊరి బావి నీళ్లు తాగి మూడు తరాల వాళ్లు వంగిపోయారు. బీరప్ప కొడుకు పరశురాములు ఇరవై రెండేళ్లకే మెడ తిప్పాలంటే ఒళ్లంతా తిప్పేవాడు. ఊరికి రెండు కిలోమీటర్ల దూరాన, ఎత్తులో, గుట్ట పక్కన బీరప్ప చేనులో వేసిన బోరులో మాత్రం నీళ్లు బాగున్నాయి. లీటరుకు ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటితే తాగకూడదంటారు. అందులో సగం కూడా లేదు. సంధ్య ఏడాదిపాటు నెలకోసారి వచ్చి సీసాలు నింపుకుపోయింది.

చివరిసారి వచ్చినప్పుడు బీరప్ప ఆమెను నిలబెట్టి అడిగాడు. "కోడలు కడుపుతో ఉన్నది బిడ్డా. ఊళ్లె ఇల్లు ఇడిసిపెట్టి ఈడ్నే రెండు అర్రలు ఏసుకుందామనుకుంటున్న. గీ నీళ్లు ఎన్నేండ్లు మంచిగుంటయో చెప్పు."

"నలభై ఏండ్లు ఉంటయ్ కాకా," అంది సంధ్య.

ఆ మాట మీద అతను ఇల్లు కట్టాడు.

ఆదివారం కల్వకుర్తి, దేవరకొండ మీదుగా బస్సుల్లో, అక్కడి నుంచి ఆటోలో వచ్చింది. గుట్ట మలుపు తిరగగానే సంధ్య ఆటో ఆపించింది. అప్పట్లో ఆముదాలు, సజ్జలు ఉన్న నేలంతా పచ్చటి వరి. పొలానికొక బోరు. తోడిన నీళ్లు మడిలో ఎండకు కొంత ఇగిరి, సున్నాన్ని మట్టిలో వదిలేసి, మళ్లీ కిందికి దిగుతున్నాయి. మళ్లీ తోడుతున్నారు. గట్టు మీద తవ్విపోసిన మట్టిలో తెల్లటి సున్నపు గడ్డలు కనిపించాయి. సంధ్య ఒకటి చేతిలోకి తీసుకుంది. తన లెక్కలో ఆ నేల ఎప్పటికీ మెట్టగానే ఉంది. ఆ లెక్కన ఈ గడ్డలు ఇంతింత కావడానికి ఒక తరం పట్టాలి.

బీరప్ప మందలోంచి ఒక గొర్రెను పట్టి దవడలు విప్పి చూపించాడు. "నాలుగు పండ్ల గొర్రె ఇది. రెండేండ్లది. నోరు చూడు, ముసలిదాని లెక్క లేదూ? గడ్డి తెంపలేకపోతాంది."

పళ్లు మట్టిరంగులో, చిగుళ్ల దాకా అరిగి ఉన్నాయి.

ఇంటి ముందు ఎనిమిదేళ్ల పిల్ల నేల మీద కూర్చుని చిక్కుడుకాయలు ఒలుస్తోంది. బీరప్ప మనవరాలు మల్లిక. సంధ్యను చూసి నవ్వబోయి, చేత్తో నోరు మూసుకుంది. అవ్వ లక్ష్మీనర్సమ్మ లోపల్నుంచి వచ్చి పిల్ల చెయ్యి తీసేసింది.

"చూపెట్టు, మేడంకు చూపెట్టు. పాల పండ్లు తెల్లగుండె బిడ్డా. అవి ఊడి కొత్తయి ఇట్ల చారలతోని మొలిసినయ్. బొగ్గుతోని తోమిన, ఉప్పుతోని తోమిన. పోతలేవు."

"తోమితే పోవు చిన్నమ్మా," అంది సంధ్య.

పరీక్ష చేయడానికి సంధ్య బోరు నీళ్లు తెమ్మంటే మల్లిక లేచింది. ఒక చెయ్యి నేలకు ఆనించి, ఇంకో చెయ్యి మోకాలి మీద నొక్కి, ఆగి, లేచింది. సంధ్య మొహం తిప్పుకుంది.

సంధ్య వెంట తెచ్చిన ఫ్లోరైడ్ మీటరు నాలుగు పాయింట్ మూడు చూపించింది. సీసా కడిగి మళ్లీ పట్టింది. నాలుగు పాయింట్ మూడు. మోటారు పావుగంట నడిపించి మూడోసారి పట్టింది. అంకె కదల్లేదు.

"కాకా, ఈ నీళ్లు ఇయ్యాల్టి నుంచి తాగొద్దు. వంటకు గూడ వాడొద్దు."

బీరప్ప తలపాగా తీసి మోకాలి మీద పెట్టుకున్నాడు. "నలభై ఏండ్లంటివి గద బిడ్డా."

"అన్న."

"తొమ్మిదే అయినయ్."

"నా లెక్క తప్పింది కాకా. సున్నం గడ్డకట్టే వేగం పుస్తకంలది తీసుకున్న. ఈడ వరి వస్తదనుకోలే. ఎండకు ఈడ చానా జల్ది గడ్డకట్టింది."

అతను తల ఊపాడు. అర్థమయ్యి ఊపాడో, చాలని ఊపాడో తెలియలేదు. మెల్లగా అడిగాడు. "నాకు నలభై అని చెప్పిన్నాడు, ఇంకేమన్న ఎరికుండి చెప్పకుండ ఉన్నవా?"

లేదని చెప్పొచ్చు. చెప్తే అతను నమ్ముతాడు కూడా.

"ఉన్నది కాకా. వేగం ఎంతో మాకు కరెక్టుగ తెల్వది. జర ఎక్కువ పెడితే ఎనిమిదేండ్లు వచ్చింది. జర తక్కువ పెడితే నూరు దాటింది. నడుమ నలభై వచ్చింది. నువ్వు అడిగితే నడుమది చెప్పిన."

"ఎనిమిది గూడ వచ్చిందా?"

"వచ్చింది."

"మరి గది చెప్పకపోతివి."

అంతలో పొలం నుంచి వచ్చిన పరశురాములు వాకిట్లోనే నిలబడి ఇదంతా విన్నాడు. ఒళ్లంతా తిప్పి తండ్రి వైపు చూశాడు. "ఊళ్లెకు నల్లాలు వచ్చిన్నాడు, పైపు గుట్ట మీదికి ఎక్కదన్నరు. కొట్లాడి తెస్తనంటే నువ్వు ఏమన్నవ్ బాపూ? మనకెందుకురా, మనకు నలభై ఏండ్ల నీళ్లున్నయ్ అన్నవ్." తర్వాత సంధ్య వైపు తిరిగాడు. "నాది పాత బావితోని పోయింది. నా బిడ్డది నీ మాటతోని పోయింది."

లక్ష్మీనర్సమ్మ కొడుకును కసిరింది. సంధ్యకు మాత్రం ఛాయ్ ఇవ్వలేదు. నీళ్లు లేవు మరి, దేనితో పెడుతుంది?

ఆ సాయంత్రం బస్టాండులో నిలబడి తన పాత గైడు కమలాకర్ సారుకు ఫోన్ చేసింది. ఆయన అంతా విని ఉత్సాహపడ్డాడు.

"తొమ్మిదేళ్ల తేడాతో అదే బోరు! ఇలాంటి డేటా ఎవరి దగ్గర ఉంది సంధ్యా? ప్రయోగశాల వేగాలకూ నేల మీది వేగాలకూ తేడా ఎంతో నిరూపించొచ్చు. మనం అప్పుడు అచ్చేసిన పరిశోధన పేపరు కంటే మంచి పేపరవుతుంది."

"సార్, ఆ పిల్ల కూర్చుంటే లేవలేకపోతోంది."

"అయ్యో. దవాఖానకు చూపించమను. నువ్వు ఎక్కడా తప్పు రాయలేదు కదా. ఎనిమిది నుంచి నూట పది అని పట్టికలో ఇచ్చాం. పదకొండో పేజీ."

ఆయన చెప్పింది నిజమే. పట్టిక ఉంది. కాని రాళ్లకంచెలో పదకొండో పేజీ చదివినవాళ్లు ఎవరూ లేరు. బీరప్ప అడిగినప్పుడు ఆ పేజీలో ఉన్నది చెప్పడానికి రెండు నిమిషాలు పట్టేది. ఆ రోజు ఆఖరి బస్సు దాటిపోతుందని తొందరపడినట్టు ఆమెకు గుర్తుంది. అది కూడా పూర్తి నిజం కాదు. మూడు అంకెలు చెబితే ఈమెకేమీ తెలియదనుకుంటారని భయపడింది.

వారం తర్వాత మల్లికను నల్లగొండ దవాఖానకు తీసుకుపోయారు. సంధ్య కూడా వెళ్లింది. డాక్టరు ఎక్స్‌రేను వెలుతురుకు పట్టి చూసి, ఫ్లోరైడ్ ఎముకల్లోకి దిగిందన్నాడు. నీళ్లు మార్చాలి, పాలు, రాగులు పెట్టాలి. పళ్లు ఇక ఇంతే. కాళ్లు ఎదిగే వయసు కాబట్టి కొంత నయం కావచ్చు, కాకపోనూ వచ్చు, ఇప్పుడే చెప్పలేనన్నాడు. బయట బెంచీ మీద మల్లిక సంధ్య పక్కనే కూర్చుంది.

"నేను మంచి నీళ్లు తాగితే తెల్ల పండ్లు వస్తయా?" అని అడిగింది.

"రావు," అంది సంధ్య.

పిల్ల ఏడవలేదు. పెదాలు మూసుకుని గోడ మీద కట్టు కట్టిన చెయ్యి బొమ్మను చూస్తూ కూర్చుంది.

బీరప్ప కుటుంబం గుట్ట దిగి ఊళ్లో ఒక కిరాయి అర్రలోకి మారింది. మంద నిలిపే జాగా లేక గొర్రెలన్నీ అమ్మేశాడు, అది పదిహేనేళ్ల వయసు నుంచి చేసిన పని. ఇప్పుడు పగలంతా అరుగు మీద కూర్చుంటున్నాడు. సంధ్య పోతే కూర్చోమంటాడు, మాట్లాడతాడు. బిడ్డా అనడం మానేశాడు. మేడం అంటున్నాడు.

ఆ గుట్ట చుట్టూ ఆమె మంచివని చెప్పిన బోర్లు ఇంకా ఆరున్నాయి. సంధ్య సెలవు పెట్టి ఒక్కొక్క దాని దగ్గరికీ వెళ్లింది. రెండింటిలో నీళ్లు ఇంకా బాగున్నాయి. అక్కడ ఎన్నేళ్లని అడిగితే తెలియదని చెప్పి, ఆరు నెలలకోసారి పరీక్ష చేయించుకోవాలని కాగితం రాసిచ్చింది. మూడింటికి, తాగొద్దని గుర్తుగా, ఎర్ర రంగు పూసింది. ఒకచోట ఆమె మీదికి కుక్కను వదిలారు. నల్లా పైపు గుట్ట మీదికి వేయాలని మండల ఆఫీసులో దరఖాస్తు ఇచ్చింది. తన పాత పేపరు, కొత్త అంకెలు, తన తప్పు ఏమిటో రాసిన ఉత్తరం దానికి జతచేసింది. దరఖాస్తు తీసుకున్న మనిషి ఉత్తరం పిన్ను తీసి తిరిగి ఇచ్చేశాడు, ఇది అవసరం లేదని.

ఆఖరిది చేను గట్టున ఉన్న బోరింగు. ఆ పక్క గుడిసెలో నర్సింగమ్మ ఒక్కతే ఉంటుంది. సంధ్య పోయేసరికి ఆమె బోరింగు కొట్టి బిందె నింపుతోంది. మీటరు మూడు పాయింట్ ఎనిమిది చూపించింది.

"ఈ నీళ్లు తాగొద్దు చిన్నమ్మా. ఇది మంచిదని నేనే చెప్పిన. తప్పు చెప్పిన."

నర్సింగమ్మ కొట్టడం ఆపలేదు. "మరి ఏం తాగాలె?"

"ఊళ్లె నల్లా ఉన్నది గద."

"నడుసుకుంట పొయ్యి, బిందె ఎత్తుకోని గుట్టెక్కాలె. నా మోకాళ్లు చూసినవా? ఊళ్లె కొడుకున్నడు, రోజు తెస్తడా?"

"పైపు వేయమని దరఖాస్తు పెట్టిన."

"వచ్చిన్నాడు గవే తాగుత." బిందె నిండింది. ఆమె వంగి, రెండు చేతులతో అంచు పట్టి లేపబోయింది. బిందె జానెడు లేచి మళ్లీ కింద పడింది. కాసిని నీళ్లు ఒలికాయి. "ఇయ్యాల పొద్దుగూకితె నేను బువ్వ వండుకోవాలె. జర ఎత్తు బిడ్డా."

రంగు డబ్బా మూత ఇంకా తియ్యలేదు. సంధ్య దాన్ని గట్టు మీద పెట్టి, వంగి, బిందె ఎత్తి ఆమె చంకన పెట్టింది. నర్సింగమ్మ మోకాళ్లు వంచకుండా గుడిసె వైపు నడిచిపోయింది.