కల్తా మినార్ కింద మూగబోయిన గొంతు

ఖీవా కోట పడమటి ద్వారం దాటగానే కల్తా మినార్ ఎదురవుతుంది. నీలిపచ్చ పలకల ఆ లావుపాటి మొండి స్తంభం కింద నిలబడి, వచ్చేపోయేవాళ్లకు దాని కథ చెప్పడమే అనాజాన్ పని. చెప్పీ చెప్పీ ఈ వేసవికి గొంతు బొంగురుపోయింది. కొన్నాళ్లు నోరు మెదపొద్దన్నాడు డాక్టరు. నోరు మెదపని గైడుకు పనెవరిస్తారు? మెడకు రుమాలు చుట్టుకుని రోజూ వస్తూనే ఉంది.

అంతకన్నా ఆమెను అలసగొట్టింది మత్యాకూబ్‌తో మాటల్లేకపోవడం. ఒకప్పుడు ఆమె వెనకాలే తిరిగి పని నేర్చుకున్నవాడు. ఇప్పుడు తనూ గైడే. ఈ మినార్ కట్టిన మేస్త్రీ రెల్లుతో రెక్కలు చేసుకుని పైనుంచి ఎగిరిపోయాడని చెబుతాడు. జనం చప్పట్లు కొడతారు. ఒకసారి ఆమె అందరి ముందూ "అబద్ధం" అనేసింది. అప్పటినుంచి అతను ఎదురుపడినా తల తిప్పుకుంటాడు.

ఆ రోజు తాష్కెంట్ నుంచి పంతులమ్మలు వచ్చారు. ఎండ మాడుస్తోంది. "దీన్ని కట్టించిన ఆ ఖాను బతికి ఉంటే..." అంటూ మొదలుపెట్టిన అనాజాన్ నోట గాలి తప్ప మాట రాలేదు. నీళ్లు తాగింది. అయినా రాలేదు.

"గైడుకే గొంతు లేకపోతే ఎలాగమ్మా? గోడల్ని అడగమంటావా?" అంది ఒకావిడ. మిగతావాళ్లు నవ్వారు.

అనాజాన్‌కు కోపం తెచ్చుకునే ఓపిక కూడా లేదు. అరుగు మీద కూలబడింది. ఎదుటి నీడలో టీ తాగుతున్న మత్యాకూబ్ లేచి రావడం చూసి, 'చెప్పుకోనీ, రెక్కలో తోకలో' అనుకుని కళ్లు మూసుకుంది.

"ఆ ఖాను బతికి ఉంటే ఇది ఇంకెంత ఎత్తు లేచేదో," అన్నాడతను. "యుద్ధానికి వెళ్లి తిరిగి రాలేదు. కట్టించేవాడు పోయాడు, కట్టేవాళ్లు ఇళ్లకు పోయారు. అంతే."

"అదేంటి! మేస్త్రీ ఎగిరిపోయాడటగా? మా ఆడపడుచుకు ఇక్కడే ఎవరో చెప్పారట!"

"ఎవడో పనికిమాలినవాడై ఉంటాడమ్మా. ఎండ నెత్తికెక్కి ఉంటుంది."

అనాజాన్‌కు నవ్వు ఆగలేదు. ఆ నవ్వుకి గొంతు మండి కళ్లలో నీళ్లు తిరిగాయి.

వాళ్లకు కోటంతా చూపించి పంపేసి, అతను ఖర్బూజా ముక్కతో తిరిగొచ్చాడు.

"ఇదిగో, చల్లగా ఉంది. రేపట్నుంచి రాకక్కా. నీ గుంపుల్ని నేను చూసుకుంటాలే."

ఆమె రెండు చేతులూ పిట్ట రెక్కల్లా ఆడించి, ప్రశ్నగా చూసింది.

"నీ గుంపులకు ఆ కథ చెప్పను, ఒట్టు. నా వాళ్లకు మాత్రం... ఏం చెయ్యనక్కా, వాళ్లకు అదే కావాలి."

పోట్లాడటానికి ఆమెకు గొంతూ లేదు, మనసూ లేదు. ముక్క తినేసి, అతని భుజం పట్టుకుని లేచింది.

ఇంటికి వెళ్లేసరికి కోడలు సోయికూర కలిపిన పచ్చ సేమ్యా వడ్డించి, "ఇవాళ తొందరగా వచ్చారేం అత్తయ్యా?" అంది. అనాజాన్ మెడ రుమాలు చూపించింది. రెండు ముద్దలు తిని, చన్నీళ్ల బకెట్లో పాదాలు పెట్టుకుని, వాకిట్లో బల్లమంచం మీద పొద్దుండగానే వెనక్కి వాలి నిద్రపోయింది.