చెయ్యి కదపకూడదు

ఆమె గిన్నెలు తోముతుండగా జబ్బకు కట్టిన బీపీ పట్టీ బుస్సుమంటూ బిగుసుకుంది. రేపు పొద్దున దాకా అరగంటకోసారి అలా బిగుస్తుందట. బిగిసినప్పుడల్లా చెయ్యి కదపకుండా వేలాడేసి నిలబడాలట. నర్సమ్మకేం, తేలిగ్గా చెప్పేసింది. పోయిన నెల ఆఫీసు మెట్ల మీద కళ్ళు చీకట్లు కమ్మి తను కూలబడిపోయింది. ఈ బీపీ అంకెలు సరిగ్గా వస్తే తప్ప మందు తేల్చలేనని, అశ్రద్ధ చేస్తే మెదడులో నరం చిట్లొచ్చని డాక్టరు ఉన్నదున్నట్టు చెప్పాడు.

"అసలు బీపీ రావలసింది నాకు. నీకేం టెన్షను?" అన్నాడు భర్త, పేపర్లోంచి తలెత్తకుండా.

ఆమె చెయ్యి వేలాడేసింది. ఒకటి, రెండు, మూడు అని లెక్కపెట్టుకుంటుంటే లోపలి గదిలోంచి అత్తగారు "అమ్మాయ్, ఇంక ఆగలేనే!" అని కేకేసింది. రెండు చేతులూ చంకల కింద వేసి ఎత్తితే గాని ఆవిడ మంచం దిగలేదు. ఆమె పరిగెత్తింది. పట్టీ అంకె చూపకుండానే మధ్యలో గాలి వదిలేసింది.

ఆఫీసులోనూ అదే గోల. కరెంటాఫీసులో ఫిర్యాదుల ఫోను ఆమెది. చెవిలో జనం తిట్లు పడుతుంటే చేతులు టైపు కొడుతూనే ఉండాలి, గొంతులో నవ్వు చెదరకూడదు. పట్టీ బిగిసిందని ఒక్కసారి చెయ్యి ఒళ్ళో పెట్టుకుంటే, "ఏం మేడం, కునుకు తీస్తున్నారా?" అని సూపర్‌వైజరు అందరికీ వినపడేలా అన్నాడు. ఆమె చెయ్యి మళ్ళీ కీబోర్డు మీదికి వెళ్ళింది. "చెప్పండి సర్" అంది ఫోన్లో, అదే నవ్వుతో. సాయంత్రం బస్సులో కమ్మీ పట్టుకుని వేలాడుతూ, ఆ నరమేదో ఇప్పుడే చిట్లితే బావుణ్ణు, ఎవరో ఒకరు పడుకోబెడతారు అనుకుంది. అలా అనుకోగానే ప్రాణానికి హాయిగా అనిపించింది. ఆ హాయికే ఒళ్ళు జలదరించింది.

మర్నాడు ఆస్పత్రిలో నర్సమ్మ యంత్రం విప్పి చూసి నోరు వెళ్ళబెట్టింది. "నలభై ఎనిమిదింట్లో ఏడే వచ్చాయేంటమ్మా! ఒక్క నిమిషం చెయ్యి కదపకుండా ఉండలేకపోయారా?"

"దీనికి నిలకడెక్కడిదండీ, కాలుగాలిన పిల్లిలా తిరుగుతుంటే," అని నవ్వాడు భర్త.

నర్సమ్మ నవ్వలేదు. "ఈ ఏడూ నిద్రలో వచ్చినవి. అవే ఇంత ఎక్కువున్నాయి. ఇవాళ మళ్ళీ కట్టి పంపిస్తాను."

"ఇంటికైతే కట్టకండి," అందామె. తన గొంతు తనకే కొత్తగా వినిపించింది. "మళ్ళీ ఇంతే అవుతుంది. ఇక్కడే ఒక మంచం ఇవ్వండి. రేపటిదాకా ఉంటాను."

"బావుంది వరస! మరి అమ్మ?" అన్నాడు భర్త.

పన్నెండేళ్ళుగా ఆ మాట వినపడితే చాలు, చేస్తున్న పని ఏదైనా వదిలేసి ఆమె లేచేది. ఈసారి కూర్చున్న చోటినుంచి కదల్లేదు.

"ఆవిడ మీ అమ్మగారండీ," అంది.