తడికాళ్ళ నేల

చంటిదాని తల నేలకు కొట్టుకుంటుందేమోనన్నదే ఆమెకు అన్నిటికన్నా పెద్ద భయం. వాషింగ్ మెషీన్ ఉండేది గ్యారేజీలో. ఒక చంకలో తడిబట్టల బుట్ట, ఇంకో చంకలో పిల్ల, కింద ఇంజనాయిలు మరకల సిమెంటు మీద సబ్బునీళ్ళు. ప్రతి అడుగూ ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని వేయాల్సిందే.

అక్కడ నేల మీద వినైల్ షీటు వేయిస్తానని భర్త అన్నప్పుడు ఎంత సంబరపడిందో. షాపువాడు నమూనాకు రెండు ముక్కలిచ్చాడు. ఒకటి పాలరాయిలా నిగనిగలాడేది, రెండోది బూడిదరంగులో మందంగా, మీద బొడిపెలతో ఉన్నది. ఆమె రెండోది చూపించింది. "కారు పెట్టే చోటు గురించి నీకేం తెలుసే? టెన్త్ కూడా గట్టెక్కలేదు" అని నవ్వి, అతను మెరిసేదాన్నే ఖాయం చేశాడు. ఆ టెన్త్ మాట అతనికి ఉప్పులాంటిది, ప్రతి కూరలోనూ పడాలి. ఆమె ఎప్పటిలాగే నోరు మూసుకుంది గానీ మనసు ఊరుకోలేదు. కారు పగలంతా ఆఫీసు దగ్గరే ఉంటుంది, పగలంతా ఇక్కడ తిరిగేవి నా కాళ్ళు, మరి ఈ నేల ఎవరిది?

ఆ సాయంత్రం కారు వచ్చేలోపు రెండు ముక్కలూ ముందు టైర్లు ఆగే చోట పరిచింది. తెల్లారి అతను కారు వెనక్కి తీస్తే, బూడిదరంగుది ఉన్నచోటే ఉంది. మెరిసేది రాత్రి వేడి టైరుకు అతుక్కుపోయి, గేటుదాకా చప్పట్లు కొట్టుకుంటూ పోయింది.

అతను దిగి దాన్ని పీకుతుంటే, ఆమె చెంబుతో సబ్బునీళ్ళు తెచ్చి రెండిటి మీదా పోసింది. "చెప్పులు విప్పి కాలు పెట్టండి."

మెరిసేదాని మీద కాలు పెట్టినవాడల్లా కారు తలుపు పట్టుకుని వేలాడాడు. "అమ్మా, చూస్తున్నావా నీ కోడలి వేషాలు?"

గుమ్మంలో అత్తగారు నడుం పట్టుకుని నిలబడి ఉంది. "చూస్తున్నా. ఈ నడుం విరిగింది ఇక్కడేరా. బట్టల బుట్టతో జారాను. నీళ్ళు ఒలకబోసింది నువ్వేగా అంటారని మీ నాన్నకు మెట్ల మీద పడ్డానని చెప్పాను. కోడలు చెప్పిందే వేయించు."

అతను చెప్పులు తొడుక్కుని, బూడిదరంగు ముక్కను కారులో పెట్టుకున్నాడు.

కొత్త నేల పడ్డ రోజు ఆమె దాని మీద తడికాళ్ళతో ఆ చివర నుంచి ఈ చివరకు నడిచి చూసింది. పిల్లను చంకలోంచి దించింది. అది బొడిపెల మీద అరచేతులు ఆనించి, నవ్వుతూ పాకింది. ఇది నేను ఎంచిన నేల, అనుకుంది పైకే.

ఇక మీరు లేవండి. మీ ఇంట్లో బట్టలుతికే చోటికి వెళ్ళి, అక్కడున్న ఆమెను నడుం నొప్పి ఎలా మొదలైందో అడగండి. మెట్ల మీద పడ్డానంటే నమ్మకండి.