కలకు పడిన మొదటి మాట

గింజ మీద పడాల్సిన రాయి రఖియా బొటనవేలి మీద పడింది. పొద్దుటి నుంచి ఇది రెండోసారి. వేలు నోట్లో పెట్టుకుని కాసేపు కళ్ళు మూసుకుంది. నూనె తీసే అర్గాన్ గింజల పెంకు మొండిది. రెండు రోజులు వంచిన నడుం ఎత్తకుండా కొడితే గాని కిలో పప్పు రాదు. కిలోకి ముప్పై దిర్హాములు. వేలు చితికిందని చేతులు ముడుచుకుని కూర్చుంటే ఆ పూట కూలి ఉండదు.

ఆమె మళ్ళీ రాయి అందుకునేసరికి గుమ్మం దగ్గర శుభకూతలు వినిపించాయి. హాజీ బూజ్మా చెల్లెలు తూదా నాలుక ఆడిస్తూ, గొంతు చించుకుని కూస్తూ లోపలికి వచ్చింది. ఆ కొట్టం హాజీది. తూకం హాజీది. పప్పును కొండ దింపి పట్నానికి మోసే లారీ కూడా హాజీదే. తూదా చంకలో నీలం కాగితం చుట్టిన చక్కెర దిమ్మ ఉంది. పెళ్ళి మాట ఖాయమైతే ఆ ఊళ్ళో ఇచ్చిపుచ్చుకునేవి ఆ దిమ్మలే. ఇరవైమంది ఆడవాళ్ళ చేతుల్లో రాళ్ళు ఆగిపోయాయి.

తూదా నేరుగా వచ్చి దిమ్మను రఖియా ఒళ్ళో పెట్టింది.

"నీ నోట్లో చక్కెర పొయ్య రఖియా! నువ్వన్నట్టే అయింది. శుక్రవారం పెళ్ళి ఫాతిహా చదివిస్తున్నాం."

"ఎవరికి?"

"ఎవరికేంటి? మా అన్నకీ, ఫద్మా కూతురికీ. కల చెప్పింది నువ్వే, మళ్ళీ ఎవరని అడిగేదీ నువ్వేనా?"

వెనక వరసలోంచి ఎవరో అన్నారు: "రెండు కిలోలుంటుందే ఆ దిమ్మ! రఖియక్కా, రేపట్నించి నా కలలు కూడా చెప్పు. సగం నీకే."

అందరూ నవ్వారు. రఖియా మాత్రం దిమ్మను ఒళ్ళోంచి పక్కకి జరిపింది. ఫద్మా కూతురు ఇజ్జా కొట్టానికి రాక వారమైంది. జ్వరమేమో అనుకుంది తను. పెళ్ళికూతుర్ని ఎండలో తిప్పకూడదని ఇంట్లో కూర్చోబెట్టారని ఇప్పుడు తెలిసింది.

కలలు చెప్పడం రఖియాకి తల్లి నుంచి వచ్చింది. దానికి ఆమె పుచ్చుకునేది మూడు గుడ్లు, లేకపోతే ఒక దీవెన. కలలో డప్పులు మోగే పెళ్ళి కనిపిస్తే ఆ ఇంట ఏడుపు. ముసలివాడికి కన్నెపిల్లతో పెళ్ళయితే వర్షం. పెళ్ళికొడుకు మొహం కనిపించకపోతే పెళ్ళికూతురికి చావు. ఇవన్నీ ఆమెకి కంఠతా వచ్చు. వీటన్నిటికంటే పెద్ద నమ్మకం ఇంకొకటుంది. ఎవరూ అర్థం చెప్పనంతవరకూ కల గాలిలోనే తిరుగుతుంది. దానికి మొదట ఎవరు ఏ మాట అంటే అదే ఫలిస్తుంది. ఆ మాట అన్న మనిషే దాన్ని వెనక్కి తీసుకుంటే తప్ప, తర్వాత వందమంది వంద చెప్పినా లాభం లేదు. అందుకే అక్కడి ఆడవాళ్ళు కల వస్తే ముందు నోరు మూసుకుంటారు. తమ మేలు కోరే మనిషిని వెతుక్కుని, పక్కకి పిలిచి, చెవిలో చెబుతారు.

ఇజ్జాకి పదహారేళ్ళు. ఆ జాగ్రత్త ఇంకా పట్టుబడలేదు. మూడు వారాల కిందట ఒక ఉదయం కొట్టంలోకి వస్తూనే అందరి ముందూ కక్కేసింది.

"పెద్దమ్మా, నన్ను పెళ్ళికూతుర్ని చేసి కూర్చోబెట్టారు. పక్కన పెళ్ళికొడుకున్నాడు. ఎంత చూసినా మొహం లేదు!"

రాళ్ళ చప్పుడు తగ్గింది. ఆ కలకి అర్థం అందరికీ తెలుసు. ఎవతో ఒకతె "అయ్యో!" అంటూ నోరు తెరవబోయింది. ఆ నోట చావు మాట పడితే పిల్ల గతేంకాను? రఖియా ఆలోచించలేదు. ఉన్న గొంతంతా పెట్టి అరిచింది.

"మంచి కలే తల్లీ! పెద్దింటి సంబంధం వస్తుంది. ఏడాది తిరక్కుండా మేడింట్లో ఉంటావు!"

చావు మీదికి ఒక తీపి మాట విసిరింది, అంతే. నోటికి మేడిల్లు వచ్చింది, మేడిల్లు అంది. ఆ ఊళ్ళో మేడిల్లు ఒకటే ఉందని, ఆ ఇంటి ఆడపడుచు తూదా అప్పుడు తూకం దగ్గరే నిలబడి ఉందని ఆమెకి తట్టలేదు. తూదా ఆ మాట మూటగట్టుకుని వెళ్ళి అన్న చెవిలో వేసింది. ఇద్దరు భార్యలున్న ఆ యాభై నాలుగేళ్ళ హాజీకి, ఇది దేవుడే పంపిన కబురని తోచడానికి ఎంతోసేపు పట్టి ఉండదు.

పొద్దు వాలగానే రఖియా చక్కెర దిమ్మ చేత్తో పట్టుకుని ఫద్మా ఇంటికి వెళ్ళింది. ఫద్మా పొయ్యి ముందు కూర్చుని రొట్టె కాలుస్తోంది.

"ఫద్మా, ఈ పెళ్ళి ఆపు."

"ఏంటి వదినా అలా అంటావు? నువ్వే కదా చెప్పింది."

"నేను చెప్పింది అబద్ధం. పిల్ల బెదిరిపోతుందని ఏదో అనేశాను. హాజీ పెద్దకూతురు మన ఇజ్జా కంటే మూడేళ్ళు పెద్దదే!"

"అబద్ధమైతే నిజమెలా అయింది? నువ్వన్న పదిహేను రోజులకే వాళ్ళొచ్చి అడగలేదూ?"

"పెళ్ళి కాగితమైనా రాస్తారా మరి?"

"పద్దెనిమిది నిండాక రాయిస్తారట. అప్పటిదాకా ఫాతిహా చాలన్నారు."

రఖియాకి ఒళ్ళు మండింది. "ఆ కలకి అసలు అర్థం ఏంటో తెలుసా నీకు?" అంది.

ఫద్మా రొట్టె వదిలేసి చటుక్కున లేచింది. పిండి అంటిన చేత్తో రఖియా నోరు మూసింది.

"తెలుసు. నేనూ ఈ ఊళ్ళోనే పుట్టాను. ఆ మాట నా గడపలో అనకు వదినా! నువ్వు వేసిన మంచిమాట తీసేస్తే దాని చోట ఏం వచ్చి కూర్చుంటుందో చెప్పు. నా బిడ్డ మీద చావు వేస్తావా? వేస్తానంటే ఇప్పుడే వెయ్యి, పెళ్ళి మానేస్తాను."

ఫద్మా చెయ్యి తీసేసింది. కలకి అన్న మాటే ఫలిస్తుందన్నది రఖియా అరవై ఏళ్ళుగా నమ్మిన నమ్మకం. ఒక్క మాట అంటే పిల్ల ఇంట్లో ఉంటుంది. ఆ మాటే అంటే పిల్ల అసలు ఉండదేమో. ఇటు చూస్తే హాజీ, అటు చూస్తే మొహం లేనివాడు. తన మాటే తన మెడకి చుట్టుకుంది, పిల్ల మెడకి కూడా. దిమ్మను గోడ పక్కన పెట్టి, కాళ్ళీడ్చుకుంటూ బయటికి వచ్చింది.

వాకిట్లో ఇజ్జా మేకలకి పొట్టు వేస్తోంది. తల ఎత్తకుండానే అడిగింది.

"పెద్దమ్మా, ఆ రోజు నువ్వు చావు అని ఉంటే ఏమయ్యేది?"

"ఛ, ఏం మాటలే అవి!"

"ఎవరూ నన్ను అడిగేవాళ్ళు కాదు కదా. చచ్చేపిల్లని ఎవరు చేసుకుంటారు? మా అమ్మ పక్కలోనే పడుకునేదాన్ని. రోజూ నీ పక్కన గింజలు కొట్టుకునేదాన్ని."

ఆ గొంతులో నిష్ఠూరం లేదు, నిజంగా తెలుసుకోవాలనే అడుగుతోంది. అందుకే రఖియాకి అంత ఏడుపొచ్చింది. పిల్ల తల నిమరబోయి, చితికిన వేలు చూసుకుని చెయ్యి వెనక్కి తీసుకుంది.

శుక్రవారం నమాజు అయ్యాక ఫద్మా ఇల్లు ఆడవాళ్ళతో కిటకిటలాడింది. మగవాళ్ళు బయట చాప మీద టీ తాగుతున్నారు. గోరింట పెట్టందే ఫాతిహా చదవరు కాబట్టి, అయ్యిందా అని హాజీ మనిషి రెండుసార్లు వచ్చి అడిగి వెళ్ళాడు. ఆ ఊరి రివాజు ప్రకారం, కలలో పెళ్ళి చూసిన పిల్లకి తొలి గోరింట పెట్టాల్సింది ఆ కల చెప్పిన మనిషే. రాననడానికి రఖియాకి ధైర్యం చాలలేదు. రేపు కూర్చోవాల్సింది హాజీ కొట్టంలోనే కదా.

తూదా గిన్నె అందించింది. "కానియ్యి రఖియా. నీ చేత్తో మొదలైంది, నీ చేత్తోనే పూర్తవ్వాలి."

ఇజ్జా ముసుగులో కూర్చుని ఉంది. కుడి చెయ్యి మోకాలి మీద ఉంది, గట్టిగా ముడుచుకుని ఉంది.

"చెయ్యి తెరువమ్మా" అంది తూదా.

పిడికిలి విడలేదు.

"సిగ్గు పడుతోందే!" అని ఎవరో నవ్వారు.

"ఇజ్జా!" అంది ఫద్మా. ఆ పిలుపులో బతిమాలడం ఉంది, భయం ఉంది. పిడికిలి ఇంకా బిగిసింది. గోళ్ళ చివర్లు తెల్లబడ్డాయి.

"పిల్లదాని వేళ్ళు, ఎంతసేపు! నువ్వే లాగి తెరువు రఖియా. బయట కాచుకుని ఉన్నారు" అంది తూదా.

రఖియా ఆ పిడికిలిని తన చేతిలోకి తీసుకుంది. చిన్నది, వేడిగా ఉంది. ఇనుములాంటి గింజలు పగలగొట్టిన వేళ్ళు తనవి. ఈ వేళ్ళు విప్పడం ఎంత పని? అందరూ శుభకూతలకి నోళ్ళు సిద్ధం చేసుకుని ఆమె వైపే చూస్తున్నారు. ఫద్మా చూడలేక తల తిప్పుకుంది.

"నాకు చేతకాదు" అంది రఖియా.

"ఏంటీ?"

"చేతకాదన్నాను తూదా. నేను తెరవను."

గిన్నె కింద పెట్టేసింది. పిల్ల పిడికిలిని మాత్రం వదల్లేదు, తన రెండు చేతుల మధ్యా అలాగే ఉంచుకుంది. బయటి నుంచి ఎవరో "అయ్యిందా?" అని మూడోసారి కేకేశారు. గిన్నెలో గోరింట ఎండిపోసాగింది.